శిబి తూకం: సముద్రపక్షుల సంరక్షణలో హింస ప్రశ్న

ఒక ప్రాణిజాతిని వినాశం నుంచి కాపాడటానికి మరొక ప్రాణిని బుద్ధిపూర్వకంగా చంపవచ్చునా అన్న ప్రశ్న ధర్మచర్చల్లో చాలా పాతదే అయినా, సముద్రపక్షుల పరిశోధనకూ రక్షణకూ పూనుకున్న స్వచ్ఛంద బృందాల ముందుకు వచ్చేసరికి దానికి కొత్త పదును వచ్చింది. ఈ బృందాలలోనివారు వేటగాళ్లు కారు, పక్షుల వల్ల లాభం గడించే వ్యాపారులూ కారు. సెలవు రోజులనూ సొంత సొమ్మునూ వెచ్చించి, గాలిలోనూ వానలోనూ కొండచరియల అంచున కూర్చుని పక్షులను లెక్కపెట్టే ఉపాధ్యాయులు, విద్యార్థులు, పదవీ విరమణ పొందినవారు, దీవుల్లో కాపురముండే రైతులు, పడవ నడిపేవారు. జీవకారుణ్యం తప్ప మరొక ప్రయోజనం ఆశించని ఇటువంటివారే ఒకానొక దశలో వేల ఎలుకలకు విషం పెట్టాలన్న నిర్ణయానికి సమ్మతించవలసి వస్తున్నది. ఆ సమ్మతికి ఆధారమైన నీతి ఏమిటి, అటువంటి నీతి నిజంగా ఉన్నదా అన్నది ఇక్కడ పరిశీలించవలసిన విషయం.

సముద్రపక్షులంటే ఆహారానికి ప్రధానంగా సముద్రం మీదనే ఆధారపడి, గుడ్లు పెట్టి పిల్లలను పెంచడానికి మాత్రం నేలను ఆశ్రయించే పక్షులు. వీటిలో మాంక్స్ షియర్‌వాటర్ అనే పక్షి ఉత్తర అట్లాంటిక్ దీవుల్లో, ముఖ్యంగా బ్రిటన్ పడమటి తీరపు దీవుల్లో సంతానాన్ని పెంచి, చలికాలాన్ని దక్షిణ అమెరికా తీరజలాల్లో గడుపుతుంది. నేలలోని బొరియలో ఏడాదికి ఒకే ఒక్క గుడ్డు పెట్టి, దాన్ని తల్లీ తండ్రీ వంతులవారీగా యాభై రోజులకు పైగా పొదిగి, పుట్టిన పిల్లను మరో డెబ్బై రోజులు పెంచుతాయి. ఆ పిల్ల తిరిగి గుడ్డు పెట్టే ఈడుకు రావడానికి దాదాపు ఐదేళ్లు పడుతుంది. బతికి బట్టకడితే యాభై ఏళ్లు దాటి జీవించగలదు. 1952లో వేల్స్ తీరంలోని స్కోఖోమ్ దీవిలో పట్టి, విమానంలో తీసుకువెళ్లి అమెరికాలోని బోస్టన్‌లో వదిలిన ఒక పక్షి, సుమారు 5,000 కిలోమీటర్ల మహాసముద్రాన్ని పన్నెండున్నర రోజుల్లో దాటి తన బొరియకే తిరిగి చేరుకున్నది. సముద్రం మీద ఇంతటి సామర్థ్యం గల ఈ పక్షి నేల మీద మాత్రం నిస్సహాయురాలు. కాళ్లు శరీరానికి బాగా వెనకగా అమరి ఉండటం వల్ల సరిగా నడవలేక, పెద్ద గల్ పక్షుల కంట పడకుండా చీకటి పడ్డాకనే గూటికి వస్తుంది. స్టార్మ్ పెట్రెల్ అనే మరో పక్షి బరువు పాతిక గ్రాములు మాత్రమే. రాళ్ల సందుల్లో గూడు పెట్టుకుంటుంది. నేల మీద తిరిగే క్షీరదాలు లేని దీవుల్లో లక్షల ఏళ్లపాటు పెరిగిన ఈ జాతులకు, బొరియలోకి దూరి గుడ్డును, పిల్లను తినే జంతువు నుంచి తప్పించుకునే స్వభావం అలవడలేదు. ఆ జంతువు మనిషి ఓడలో వచ్చింది. ఏడాదికి ఒకే గుడ్డు పెట్టే జాతి, ఎలుక చేరిన దీవిలో కొన్ని దశాబ్దాల్లోనే కనుమరుగు కావడానికి ఇంతకు మించిన కారణం అక్కరలేదు.

ఈ నష్టం లోకానికి తెలియడం లెక్కపెట్టినవారి వల్లనే సాధ్యపడింది. బ్రిటన్‌లో 1966లో ఏర్పడిన సీబర్డ్ గ్రూప్ అనే సంఘం, 1969-70 సంవత్సరాల్లో ‘ఆపరేషన్ సీఫేరర్’ పేరుతో బ్రిటన్, ఐర్లండ్ తీరాలన్నిటి మీదా సంతానోత్పత్తి చేసే సముద్రపక్షుల గణనను స్వచ్ఛంద కార్యకర్తల బలంతో నిర్వహించింది. అటువంటి గణనలు ఆ తరువాత 1985-88, 1998-2002, 2015-21 కాలాల్లో మళ్లీ జరిగాయి. కొండచరియల మీద బహిరంగంగా కూర్చునే పక్షులను దుర్భిణితో లెక్కించవచ్చు గాని, బొరియల్లో దాగి రాత్రివేళ మాత్రమే తిరిగే పక్షులను లెక్కించడం వేరే విద్య. బొరియ ముందు ఆ జాతి కూతను రికార్డు నుంచి వినిపించి, లోపలి నుంచి బదులు కూత వచ్చిన బొరియలను లెక్కించి, గూట్లో ఉండీ బదులు పలకని పక్షుల నిష్పత్తిని విడిగా పరీక్షించి తెలుసుకుని, దానితో మొత్తాన్ని సవరిస్తారు. చూపుకు అందని ప్రాణి ఉనికిని దాని గొంతు ద్వారా మాత్రమే తెలుసుకుంటూ, ఏ ప్రతిఫలమూ లేకుండా, దశాబ్దాల పాటు చేసే ఈ పనిలో సాధన లక్షణాలన్నీ ఉన్నాయని చెప్పడం అతిశయోక్తి కాదు. అయితే ఇది చేతులకు మట్టి అంటని సాధన కాదు, ఎందుకంటే జ్ఞానం బాధ్యతను వెంటబెట్టుకుని వస్తుంది. ఒక దీవిలో పిల్లలన్నీ ఎలుకల పాలవుతున్నాయని తెలియనంతకాలం ఊరకుండటం అజ్ఞానం. తెలిసిన తరువాత ఊరకుండటం కూడా ఒక నిర్ణయమే, దానికీ కర్త ఉంటాడు.

ఇంగ్లండ్‌కు పడమట బ్రిస్టల్ చానల్‌లోని లండీ దీవి ఈ సమస్యను పూర్తిగా బయటపెట్టిన చోటు. 2001 నాటికి ఆ దీవిలో మాంక్స్ షియర్‌వాటర్లు 297 జతలు, పఫిన్ అనే సముద్రపక్షులు 13 మాత్రమే మిగిలాయి. 2002 నుంచి 2004 వరకు విషపు ఎరలతో ఎలుకలను నిర్మూలించి, 2006లో దీవిని ఎలుకలు లేనిదిగా ప్రకటించారు. 2019 నాటికి పఫిన్లు 375కు, షియర్‌వాటర్లు 5,500 జతలకు పైగా పెరిగాయి. అంకెలను మాత్రమే చూసేవారికి ఇక్కడితో చర్చ ముగిసిపోతుంది. కాని నిర్మూలన సమయంలోనే జంతుహక్కుల వాదులు తీవ్రంగా అభ్యంతరం చెప్పారు, ఆ అభ్యంతరం తేలికగా తీసివేయదగినది కాదు. వాడిన విషం రక్తాన్ని గడ్డకట్టనివ్వని రకానికి చెందినది. తిన్న ఎలుక వెంటనే చావదు, కొన్ని రోజులపాటు లోలోపల రక్తస్రావమై చస్తుంది. పైగా లండీలో ఉన్న రెండు రకాల ఎలుకల్లో నల్ల ఎలుక బ్రిటన్‌లోని అత్యంత అరుదైన క్షీరదాల్లో ఒకటి. దానికి అక్కడ మిగిలిన అతికొద్ది స్థావరాల్లో లండీ ఒకటి. అంటే అరుదైన ప్రాణిని రక్షించాలన్న సూత్రం ఇక్కడ రెండు వైపులా నిలబడి వాదించగలదు. ఫలితాన్ని చూపి కర్మను సమర్థించే పద్ధతికి ఈ బాధ గాని, ఈ చిక్కు గాని కనిపించవు.

పాశ్చాత్య చింతనలో ఈ వివాదం రెండు ధ్రువాల మధ్య నడిచింది. 1949లో వెలువడిన గ్రంథంలో ఆల్డో లియోపోల్డ్ ప్రతిపాదించిన భూనీతి, అంటే నేల, నీరు, మొక్కలు, జంతువులు కలిసిన సమూహం మొత్తాన్నీ నీతికి పాత్రమైనదిగా భావించే దృష్టి, సమూహపు ఆరోగ్యానికి ప్రాధాన్యమిస్తుంది. 1983లో టామ్ రీగన్ దీనికి ఎదురు నిలిచి, ప్రతి జంతువూ తన జీవితాన్ని తాను అనుభవిస్తున్న వ్యక్తేనని, సమూహం మేలు కోసం వ్యక్తిని బలిపెట్టే నీతి ఒకరకమైన ఫాసిజమేనని వాదించాడు. రెండు వాదాల్లోనూ నిజముంది. జాతికి నొప్పి లేదు, నొప్పి ఎప్పుడూ ఒక్కొక్క ప్రాణిదే. అయినా ఒక జాతి అంతరించినప్పుడు పోయేది ఉన్న ప్రాణులు మాత్రమే కాదు, ఇక ముందు పుట్టగల ప్రాణులన్నీ పోతాయి. కాని ఈ చర్చ ఎంతసేపూ చంపదగినది ఏది అన్నచోటే ఆగుతుంది. చంపేవాడు ఎవరు, చంపిన తరువాత అతడు ఏమి కావాలి అన్న ప్రశ్నలను మరింత లోతుగా పట్టించుకున్నవి భారతీయ చింతనా సంప్రదాయాలు.

జైనం హింసను గృహస్థుల విషయంలో నాలుగు విధాలుగా విభజించింది. వంట, ఇల్లు ఊడ్చటం వంటి నిత్యకృత్యాల్లో తప్పక జరిగేది ఆరంభ హింస. వ్యవసాయం మొదలైన వృత్తుల్లో జరిగేది ఉద్యోగ హింస. తననో తనవారినో కాపాడుకోవడానికి చేసేది విరోధ హింస. చంపాలని నిశ్చయించి చంపేది సంకల్ప హింస. మొదటి మూడింటినీ గృహస్థు వీలైనంత తగ్గించుకోవాలి, నాలుగోదాన్ని పూర్తిగా విడిచిపెట్టాలి. వరిచేలో ఎలుకలు పట్టించే రైతు చర్యను ఉద్యోగ, విరోధ హింసల కింద ఉంచవచ్చు. నెల్లూరు ప్రాంతంలో కుండలో గడ్డి కాల్చి కన్నాల్లోకి పొగ ఊది ఎలుకలను పట్టే యానాదుల పని ఆ రైతు తిండిగింజలతోనూ, వారి కడుపుతోనూ ముడిపడి ఉన్నది. కాని లండీ ఎలుక ఎవరి పంటనూ తినలేదు, ఎవరినీ కరవలేదు. దూరం నుంచి పడవల్లో వచ్చిన మనుషులు ప్రణాళిక వేసుకుని, దీవి అంతటా గడులు గీసి, గడికొక ఎర పెట్టి దాన్ని చంపారు. ఎంత సానుభూతితో చూసినా ఇది సంకల్ప హింసే. జైన గృహస్థనీతి దీనికి అనుమతి ఇవ్వదని స్పష్టంగా ఒప్పుకోవడం మంచిది. అనుమతి ఉన్నట్టు సాగదీసి చూపడం ఆ సంప్రదాయానికి అన్యాయం చేయడమవుతుంది.

బౌద్ధం కర్మకు మూలం చేతన, అంటే చర్య వెనుక ఉన్న సంకల్పం, అని చెబుతుంది గనుక అక్కడ వెసులుబాటు దొరకవచ్చునని తోస్తుంది. అయితే థేరవాద వ్యాఖ్యాతలు అంత సులభంగా విడిచిపెట్టలేదు. చంపే క్షణంలో మనసులో ఏదో ఒక మేర ద్వేషం లేకుండా ప్రాణం తీయడం జరగదని, కనుక దయతో చంపానన్నవాడు తన చిత్తాన్ని సరిగా చూసుకోలేదని వారి అభిప్రాయం. మహాయాన సంప్రదాయంలోని ఉపాయకౌశల్య సూత్రం వేరొక కథ చెబుతుంది. ఐదువందలమంది వర్తకులున్న ఓడలో ఒకడు వారందరినీ చంపబోతున్నాడని గ్రహించిన నావికుడు, వారికి చెబితే వారే వాణ్ణి చంపి పాపం మూటగట్టుకుంటారని, ఊరకుంటే వాడు ఘోరపాపి అవుతాడని ఆలోచించి, ఆ నరకాన్ని తానే అనుభవించడానికి సిద్ధపడి వాణ్ణి చంపుతాడు. ఈ కథను హింసకు ఇచ్చిన అనుమతిగా చదివేవారు అందులోని కీలకాన్ని వదిలేస్తున్నారు. ఆ నావికుడు తన పనిని పుణ్యమని అనుకోలేదు, నరకానికి దారి అనే అనుకున్నాడు. అనుకుని కూడా వెనుదీయలేదు. హింసను హింసగానే ఒప్పుకుని, దాని భారాన్ని తన తల మీదికి తీసుకోవడమే ఆ చర్యకు నైతికమైన రూపాన్నిచ్చింది.

మహాభారతం అరణ్యపర్వంలోని ధర్మవ్యాధుడు, నడిస్తే నేల మీది జీవులు, దున్నితే మట్టిలోని జీవులు చస్తున్నప్పుడు హింస చేయనివాడు లోకంలో లేడని తపస్వి అయిన కౌశికునికి బోధిస్తాడు. ఈ మాట అహంకారాన్ని అణచడానికి మందు గాని, ఏ హింసకైనా పనికివచ్చే అనుమతిపత్రం కాదు. తప్పించుకోలేనిది ఉన్నదన్న కారణంతో తప్పించుకోదగినది కూడా చేయవచ్చునని దాని నుంచి తేలదు. ఆధునిక కాలంలో ఈ భేదాన్ని బహిరంగంగా ఎదుర్కొన్నవాడు గాంధీ. 1926లో అహ్మదాబాద్‌లో ఒక మిల్లు ఆవరణలోని అరవై వీధికుక్కలను చంపించినప్పుడు, అహింసావాది అయిన ఆయన ఆ చర్యను పూర్తిగా ఖండించకపోవడం చూసి పాఠకులు ఆగ్రహించారు. ఆయన వరుస వ్యాసాల్లో బదులు చెప్పాడు. బాధ్యత వహించకుండా వీధికుక్కలకు తిండి వేసే సమాజమే ఆ చావులకు తొలి కర్త అన్నది ఆయన వాదనలో ముఖ్యభాగం. ఎలుక విషయం అచ్చంగా ఇదే. అది తనంతట తాను సముద్రం దాటి రాలేదు. నౌకలు దాన్ని మోసుకువచ్చాయి. పక్షిపిల్లను తిన్న నేరం దానిది కాదు, ఎందుకంటే ఆకలికి నేరం లేదు. అందువల్ల ఈ వ్యవహారంలో దోషి అని చెప్పదగినది మనిషి ఒక్కడే, శిక్ష పడింది మాత్రం ఎలుకకు.

ఈ అసమానతను శిబి కథ వెలికి తీసినంత నిర్దయగా మరే కథా తీయలేదు. మహాభారతంలో ఇది ఒకటికి మించిన చోట్ల, ఒకచోట రాజు ఉశీనరుడుగా, మరొకచోట అతని కొడుకు శిబిగా, కొద్ది భేదాలతో వస్తుంది. బౌద్ధ సంప్రదాయంలోనూ ఉన్నది, నాగార్జునకొండ శిల్పాల్లోనూ చెక్కబడింది. డేగ తరుముతున్న పావురం రాజు శరణు కోరుతుంది. సాధారణంగా అందరికీ గుర్తుండేది రాజు తన తొడ మాంసం కోసి ఇవ్వడం. కాని అంతకుముందు జరిగిన సంభాషణే ఈ చర్చకు ముఖ్యం. డేగ తనది అన్యాయం కాదని, పావురం తనకు ప్రకృతి ఏర్పరచిన ఆహారమని, దాన్ని తప్పిస్తే తానూ తన ఆలుబిడ్డలూ చస్తారని, ఒక ప్రాణి కోసం ఇన్ని ప్రాణాలు తీసేది ధర్మమెలా అవుతుందని నిలదీస్తుంది. రాజు ఆ వాదనను కొట్టిపారేయలేదు. అయితే అరణ్యపర్వంలోని ఉశీనరుడు మొదట ప్రతిపాదించినది తన మాంసం కాదు. ఎద్దునో, పందినో, లేడినో, దున్ననో ఇస్తానన్నాడు. కరుణ గల మనిషికి కూడా మొట్టమొదట తట్టేది వేరొక జంతువు చేత మూల్యం కట్టించడమేనని కథకుడు ఎరుగును. డేగ దాన్ని నిరాకరించడంతో ఆ దారి మూసుకుపోయింది. ఆ తరువాతనే త్రాసు వచ్చింది. ఎంత మాంసం వేసినా పావురం వైపే మొగ్గు చూపింది. చివరకు రాజు తానే తట్టలో కూర్చున్నాడు.

ఈ కథ ముందు నిలబెడితే ఎలుకల నిర్మూలన మొదటి చూపులో ఓడిపోతుంది, ఎందుకంటే అది ఉశీనరుడి మొదటి ప్రతిపాదనే: పక్షి ప్రాణానికి ఎలుక ప్రాణం. అయితే త్రాసు దగ్గర ప్రశ్న వేరుగా మారుతుంది. కాపాడతానన్నవారు తట్టలో తమదంటూ ఏమి వేశారు? ఇంగ్లండ్ నైరుతి మూలలో, కార్న్‌వాల్ తీరానికి అవతల ఉన్న సిలీ దీవుల్లో జరిగినది ఈ ప్రశ్నకు సమాధానంగా చెప్పదగినది. అక్కడి సెయింట్ ఆగ్నెస్, గ్యూ అన్న రెండు చిన్న దీవులు ఆటు సమయంలో ఇసుకమేటతో కలిసిపోతాయి. జనం కాపురముండే దీవులు కనుక అక్కడ ఎలుకల నిర్మూలన ఊరివారి సమ్మతి లేకుండా జరగదు. 2013-14 చలికాలంలో నిర్మూలన జరిగింది, 2016లో దీవులు ఎలుకలు లేనివిగా ప్రకటింపబడ్డాయి, అప్పటికే మాంక్స్ షియర్‌వాటర్, స్టార్మ్ పెట్రెల్ పిల్లలు అక్కడివారి జ్ఞాపకంలో తొలిసారిగా ఎగిరే దశకు చేరాయి. ఇంతవరకు లండీ కథే. తేడా ఆ తరువాతిది. ప్రతి ఇంటివారూ చెత్తను ఎలుకకు అందకుండా మూసి ఉంచాలి. పడవలో వచ్చే సరుకును, పశువుల మేతను పరిశీలించాలి. దీవి అంతటా అమర్చిన పెట్టెల్లో చాక్లెట్ వాసన గల మైనపు ముద్దలు ఉంచి, వాటి మీద పంటిగాట్లు పడ్డాయేమోనని వంతులవారీగా చూసుకుంటూ ఉండాలి. అనుమానం కలిగితే వెంటనే కబురు చేయాలి. ఈ కాపలాకు ముగింపు తేదీ లేదు. ఒక గర్భిణి ఎలుక ఒడ్డుకు చేరితే చాలు, మొదట చచ్చిన ఎలుకలన్నీ వృథాగా చచ్చినట్టే, కాపాడిన పిల్లలన్నీ మళ్లీ ప్రమాదంలో పడినట్టే.

ఈ కాపలా ఎలుక ప్రాణానికి సమమైన మూల్యమా అంటే కాదు. శిబి త్రాసులో కూడా ముక్క ముక్కగా వేసినంతకాలం సమం కాలేదు. అయినా చంపి వెళ్లిపోయినవారికీ, చంపిన తరువాత ఆ దీవికి కట్టుబడి ఉండిపోయినవారికీ ఉన్న భేదం నీతిలో చిన్నది కాదు. మొదటివారు ఇతరుల ప్రాణంతో తమ కోరిక తీర్చుకున్నారు. రెండోవారు తమ ప్రమేయం లేని పాత తప్పును, ఏ నావికుడో ఏనాడో చేసిన అజాగ్రత్తను, తమ మీద రుణంగా వేసుకుని తమ దినచర్యతో తీరుస్తున్నారు. స్వచ్ఛందసేవకు అసలు బరువు ఈ రెండో భాగంలోనే ఉన్నది. దీవిని జయించిన ఉత్సాహం మొదటి ఏడాదితో చల్లారుతుంది. పదేళ్ల తరువాత కూడా గాట్లు లేని మైనపు ముద్దను చూసి, నమోదు చేసి, మళ్లీ పెట్టెలో పెట్టడానికి ఉత్సాహం పనికిరాదు, కర్తవ్యబుద్ధి కావాలి.

దక్షిణ అట్లాంటిక్‌లోని గాఫ్ దీవి ఈ వాదనకు కఠిన పరీక్ష. పందొమ్మిదో శతాబ్దంలో ఓడల వెంట వచ్చిన చిట్టెలుకలు అక్కడ పరిమాణంలో పెరిగి, దాదాపు ఆ ఒక్క దీవిలోనే సంతానాన్ని పెంచే ట్రిస్టన్ ఆల్బట్రాస్ అనే సముద్రపక్షి పిల్లలను రాత్రివేళ బతికుండగానే కొరుకుతున్నాయని 2000 దశకం తొలి సంవత్సరాల్లో కెమెరాల ద్వారా తెలిసింది. 2021లో హెలికాప్టర్లతో దీవి అంతటా విషపు ఎరలు చల్లారు. ఆ ఏడాది డిసెంబరులోనే బతికి ఉన్న చిట్టెలుక మళ్లీ కనిపించింది. ఇటువంటి వైఫల్యాన్ని గీత చెప్పిన ఫలత్యాగంతో ఓదార్చుకోవడం సులభమే గాని సరికాదు. కర్త వదులుకోగలిగినది తనకు రావలసిన ఫలాన్ని మాత్రమే; చచ్చిన ప్రాణి కోల్పోయినదాన్ని అతడు వదులుకోలేడు, అది అతనిది కాదు గనుక. విఫలమైన హింసకు ప్రాయశ్చిత్తం నిర్లిప్తత కాదు, ఎందుకు విఫలమైందో ఆమూలాగ్రం పరిశీలించి బహిరంగంగా చెప్పడం, అంతవరకు మళ్లీ చేయి ఎత్తకపోవడం.

వీటన్నిటినీ కలిపి చూస్తే తేలే తీర్పు ఇది. సముద్రపక్షుల కోసం ఎలుకలను చంపడం అహింస కాదు, పుణ్యమూ కాదు. మనిషి చేసిన పాత అపరాధం వల్ల అతని మీద పడిన, తప్పించుకోవడానికి ఇప్పటికి వేరే దారి కనపడని హింస. దాన్ని చేపట్టే అర్హత, ఆ తరువాతి అంతులేని కాపలాను తన జీవితంలో భాగం చేసుకోగలిగిన సమూహానికే ఉన్నది. ఆ సిద్ధత లేనిచోట, ధనమూ విషమూ హెలికాప్టరూ ఉన్నా, పని మొదలుపెట్టకపోవడమే ధర్మం.

భారతదేశానికి ఇది పరాయి ప్రశ్న కాదు. లక్షద్వీప్‌లో కొబ్బరికాయలను పాడుచేసే ఎలుకలు జనవాస దీవుల్లో చిరకాలంగా ఉన్నాయి, అదే సముద్రంలో పిట్టి అనే చిన్న ఇసుక దీవి మీద టెర్న్ పక్షులు గుంపులుగా గుడ్లు పెడతాయి. ఆంధ్ర తీరంలోనూ ప్రతి శీతాకాలం జరిగే ఆసియా నీటిపక్షుల గణనలో కోరింగ మడ అడవుల చుట్టూ గల్, టెర్న్ పక్షులను లెక్కించే స్వచ్ఛంద బృందాలు ఉన్నాయి. లెక్కించే ఓపిక ఉన్న ఈ చేతులే కాపలా విద్యను కూడా నేర్చుకోవాలి. పక్షులు గుడ్లు పెట్టే దీవులకు వెళ్లే ప్రతి పడవనూ, ప్రతి సరుకు మూటనూ పరిశీలించే ఏర్పాటును ఎలుక చేరకముందే ప్రభుత్వాల చేత చేయించాలి. ఆ పనికి అయ్యే ఖర్చు నిర్మూలనకు అయ్యేదానిలో కొద్ది భాగమే, అందులో ఏ ప్రాణినీ చంపవలసిన అవసరం రాదు.